నైజెల్ నీల్: ప్రయోగం తర్వాత ప్రశ్న

ల్యాబులో ప్రయోగం తప్పితే రీడింగు కొట్టేసి మళ్లీ మొదలుపెడతాం. కాని పైకి పంపిన రాకెట్టులో ముగ్గురు మనుషులుండి, తిరిగొచ్చింది ఒక్కడే అయితే? అప్పుడేం కొట్టేస్తాం? ఈ ప్రశ్న వేసింది శాస్త్రజ్ఞుడు కాదు, నైజెల్ నీల్ అనే బ్రిటిష్ రచయిత.

1922లో పుట్టిన నీల్ ఐల్ ఆఫ్ మాన్ దీవిలో పెరిగారు. మొదట లా చదివారు. అది వదిలేసి లండన్‌లో నటన నేర్చుకున్నారు. కథలు రాసి 1950లో సోమర్‌సెట్ మామ్ అవార్డు పొందారు. ఆ తర్వాతే టెలివిజన్‌కి వచ్చారు.

1953లో బీబీసీ ఆయన 'క్వాటర్‌మాస్ ఎక్స్‌పెరిమెంట్'ను ఆరు భాగాలుగా, ప్రత్యక్షంగా ప్రసారం చేసింది. నేడు మిగిలినవి మొదటి రెండే. క్వాటర్‌మాస్ అన్న పేరు ఆయనకు టెలిఫోన్ డైరెక్టరీలో దొరికింది! తిరిగొచ్చిన మనిషి క్రమంగా భయంకరమైన జీవిగా మారిపోతాడు. రాకెట్టు పంపిన ప్రొఫెసర్ క్వాటర్‌మాస్ చివరికి దాని ఎదుటికి తానే వెళతాడు. ఆయుధంతో కాదు, మాటతో. అందులో కలిసిపోయిన ముగ్గురిలోని మానవత్వాన్ని తట్టిలేపుతాడు. 1955లో ఇదే కథను సినిమా తీసినవాళ్లు ఆ జీవిని కరెంటుతో చంపించేశారు. ప్రొఫెసర్ మరో రాకెట్టుకు సిద్ధమైపోతాడు! నీల్‌కు ఆ సినిమా నచ్చలేదు. నచ్చకపోవడంలో న్యాయముంది. బాధ్యత అన్న మాటే అందులో ఎగిరిపోయింది కదా!

ఆయన ఒక్కచోట ఆగలేదు. 1954లో ఆర్వెల్ నవల 'నైన్‌టీన్ ఎయిటీ ఫోర్'ను టెలివిజన్‌కి మలిస్తే గొడవ పార్లమెంటు దాకా వెళ్లింది. ఆస్‌బోర్న్ నాటకాన్ని, వెల్స్ చంద్రయాత్ర నవలను సినిమాలకు రాశారు. 1968 నాటి ఒక నాటకంలో, దీవిలో ఓ కుటుంబం పడే కష్టాన్ని జనం టీవీలో వినోదంగా చూస్తారు. నేటి రియాలిటీ షోలు చూస్తే ఆశ్చర్యమేస్తుంది. 1972లో వచ్చిన 'స్టోన్ టేప్'లో పరిశోధకులు పాత ఇంటి రాతిలో నిలిచిన జ్ఞాపకాన్ని వెలికితీయబోతారు. వాళ్ల నాయకుడి తొందరకు ప్రాణం పోగొట్టుకున్నది సహోద్యోగిని. 1982లో ఒక హాలీవుడ్ సినిమాలో హింస మితిమీరిందని తన పేరే తీయించేసుకున్నారు. 2006లో కన్నుమూశారు.

మా నాన్న చేలో మందు కొట్టేముందు గాలివాటు చూస్తాడు. పురుగు చస్తుందా అన్నది ఒక ప్రశ్న. పక్క చేలో కలుపు తీసేవాళ్ల మీద పడుతుందా అన్నది ఇంకోటి. మాకు మార్కులు మొదటిదానికే. నీల్ జీవితమంతా రెండోదాన్ని అడుగుతూనే ఉన్నారు. రేపు ల్యాబుల్లో పనిచేయబోయే మనమూ అడగవద్దా?