నూరు మందికి పండ్ల షర్బత్: రుచి, శుభ్రత, సమయం

ఇఫ్తార్ అయినా, వలీమా అయినా, అఖీఖా అయినా మన దగ్గరికి వచ్చిన అతిథి చేతికి ముందుగా అందేది ఒక గ్లాసు షర్బత్. బిర్యానీకి మంచి వంటవాడు ఎవరని పదిమందినీ అడుగుతాం. మాంసం ఎక్కడ కొనాలో నాలుగు రోజుల ముందే మాట్లాడుకుంటాం. షర్బత్‌ను మాత్రం ఆఖరి గంటలో కుర్రాళ్ళకు వదిలేస్తాం. పండ్లు కోసి, పంచదార కలిపి, ఐసు వేస్తే అయిపోయిందనుకుంటాం.

పగలంతా ఉపవాసం ఉన్న మనిషి ఖాళీ కడుపులోకి వెళ్ళేది ఆ గ్లాసే. ఆ వరుసలో పసిపిల్లలుంటారు, షుగరు ఉన్న పెద్దలుంటారు, మన సాయం మీద చదువుకునే పిల్లలుంటారు. నీళ్ళు బాగాలేకపోయినా, రసం పులిసినా ముందుగా బాధపడేది వాళ్ళే. అందుకే ఇఫ్తార్‌లకు పండ్లు, పంచదార పంపే దాతలూ, వడ్డించే కార్యకర్తలూ తెలుసుకోవలసిన నాలుగు మాటలు ఈ పాఠంలో రాస్తున్నాను.

పేరు వెనుక కథ

ఈ రోజుల్లో ఫంక్షన్ హాళ్ళలో దీన్ని 'ఫ్రూట్ పంచ్' అంటున్నారు. ఆ మాట ఇంగ్లీషువారిదే అయినా దాని మూలం మన దేశంలోనే ఉందని చాలామంది భాషావేత్తల అభిప్రాయం. హిందీ, ఉర్దూల్లో 'పాంచ్' అంటే ఐదు. 17వ శతాబ్దంలో ఇక్కడికి వచ్చిన ఇంగ్లీషు వర్తకులు, నావికులు సారా, పంచదార, నిమ్మరసం, నీళ్ళు, సుగంధ ద్రవ్యాలు కలిపి తాగేవారు. ఐదు కలిశాయి కాబట్టి ఆ పేరు వచ్చిందంటారు.

'షర్బత్' కథ వేరు. తాగడం అనే అర్థమున్న అరబ్బీ ధాతువు నుంచి అది పుట్టింది. ఆ పానీయంలో మొదటి నుంచీ పండు, పువ్వు, తీపి, చల్లని నీళ్ళే ఉన్నాయి. 1906లో హకీం హాఫిజ్ అబ్దుల్ మజీద్ గారు ఢిల్లీలో తెరిచిన హమ్‌దర్ద్ దవాఖానా నుంచి వచ్చిన రూహ్ అఫ్జా కూడా ఆ వంశంలోదే. కాబట్టి మనం పంచ్‌లో నుంచి సారా తీసేసి తాగుతున్నామని అనుకోనక్కరలేదు. సారా అవసరమే లేని పానీయం మనకు ముందునుంచే ఉంది.

నబీజ్ నేర్పే పాఠం

దైవప్రవక్త (సఅసం) కాలంలో మదీనాలో తీపి పానీయంగా నబీజ్ ఉండేది. ఖర్జూరాలనో, ఎండుద్రాక్షనో మంచినీళ్ళలో నానబెట్టి, తీపి దిగాక ఆ నీళ్ళు తాగేవారు. ఉదయం నానబెట్టినది రాత్రికి, రాత్రి నానబెట్టినది ఉదయానికి ఆయన సేవించేవారని హజ్రత్ ఆయిషా (రజి) గారి ఉల్లేఖనం సహీహ్ ముస్లింలో ఉంది. హజ్రత్ ఇబ్నె అబ్బాస్ (రజి) గారి ఉల్లేఖనం ప్రకారం దాని గరిష్ఠ గడువు మూడో రోజు సాయంత్రం. ఆ తరువాత మిగిలితే పారబోయించేవారు.

ఖర్జూరాలనూ ఎండుద్రాక్షనూ ఒకే పాత్రలో కలిపి నానబెట్టవద్దని వారించిన హదీసులు కూడా ఉన్నాయి. అలా కలిపితే త్వరగా పులిసి మత్తు పుడుతుందన్న భయమే దానికి కారణమని ఎందరో ఉలమాలు వివరించారు. అయితే మత్తు పుట్టనంత వరకు కలపడంలో దోషం లేదని హనఫీ ఫిఖహ్ చెబుతుంది. త్వరగా పులిసే స్వభావమున్న కొన్ని పాత్రలను మొదట్లో నిషేధించి, తరువాత మత్తు పానీయం కాకూడదన్న షరతుతో అనుమతించారు.

వీటన్నిటిలోనూ మూడు విషయాల మీద జాగ్రత్త కనిపిస్తుంది: ఏం కలిపాం, ఏ పాత్రలో ఉంచాం, ఎంతసేపు ఉంచాం. నేటి శాస్త్రం చెప్పేదీ ఇదే. పండ్ల తొక్కల మీద, ముఖ్యంగా ద్రాక్ష మీద, కంటికి కనబడని ఈస్టు సహజంగానే ఉంటుంది. రసం తీసి వెచ్చని చోట పెడితే అది చక్కెరను తిని ఆల్కహాలుగా, వాయువుగా మారుస్తుంది. ఎవరూ సారా పోయకపోయినా, గడియారాన్ని పట్టించుకోకపోతే హలాల్ పానీయమే చేయి జారిపోవచ్చు.

నాకు తెలిసి వచ్చిన తీరు

ఈ సంగతి నేను పుస్తకంలో చదివి నేర్చుకోలేదు. చాలా ఏళ్ళ కిందట, మంచి ఎండల్లో వచ్చిన రంజాన్‌లో, ఒక ఇఫ్తార్‌కు ఒక దాత రెండు బుట్టల నల్లద్రాక్ష పంపారు. మర్నాడు పని తేలికవుతుందని కుర్రాళ్ళం రాత్రే రసం పిండి ప్లాస్టిక్ డ్రమ్ములో పోసి మూత పెట్టాం. మర్నాడు అసర్ తరువాత మూత తీస్తే పైన నురుగు, లోపల ఘాటు వాసన.

"ఇంత ఖరీదైన పండ్లు! దాత ఇచ్చిన సొమ్ము. పారబోస్తే ఇస్రాఫ్ కాదా? ఇంకాస్త పంచదార, ఐసు వేస్తే తెలియదు" అన్నాడు మాలో ఒకడు. ఎవరూ వెంటనే కాదనలేదు. ఆ మాట పండ్లు పంపిన పెద్దాయన చెవిన పడింది. ఆయన ఏమీ అనలేదు. షేర్వాణీ చేతులు పైకి మడుచుకుని వచ్చి, డ్రమ్మును తానే మోరీ దాకా దొర్లించి వంచేశారు. ఆ రోజు అందరూ ఖర్జూరం, మంచినీళ్ళతోనే ఇఫ్తార్ చేశారు. ఎవరూ షర్బత్ ఏదని అడగలేదు. మరుసటి ఏడు ఆయన పండ్లకు బదులు రెండు స్టీలు పాత్రలు, మందపాటి గోడలున్న ఒక కొళాయి క్యాను పంపారు. వాటితోపాటు, "రసం సాయంత్రమే తీయండి బాబూ" అని చెప్పి పంపారు.

నూరు మందికి లెక్క

ఒక్కొక్కరికి 200 మిల్లీలీటర్ల గ్లాసు చొప్పున నూరు మందికి 20 లీటర్లు కావాలి. ధర, రుచి, ఆరోగ్యం మూడూ చూసుకుంటే పుచ్చకాయ, బత్తాయి, నిమ్మ కలిపిన షర్బత్ మన ప్రాంతానికి బాగా కుదురుతుంది.

పుచ్చకాయలు 12 కిలోలు తీసుకుంటే సుమారు 7 లీటర్ల రసం వస్తుంది. బత్తాయిలు 5 కిలోలకు 2 లీటర్లు, నిమ్మకాయలు 30కి ముప్పావు లీటరు వస్తుంది. కిలోంపావు పంచదారను అంతే నీళ్ళలో కరిగిస్తే 2 లీటర్ల పాకం అవుతుంది. 100 గ్రాముల సబ్జా గింజలను 3 లీటర్ల నీళ్ళలో నానబెట్టాలి. వీటికి రెండున్నర లీటర్ల చల్లని మంచినీళ్ళు, 3 కిలోల శుభ్రమైన ఐసు, 2 చెంచాల ఉప్పు, రెండు కట్టల పుదీనా చేరాలి. పైన వేయడానికి సన్నగా తరిగిన ఆపిల్, అనాస ముక్కలు, దానిమ్మ గింజలు కలిపి 2 కిలోలు చాలు. రెండోసారి అడిగేవారి కోసం మరో 5 లీటర్లకు సరిపడా పండ్లను కోయకుండా పక్కన పెట్టుకోవాలి. మిగిలితే ఆ పండ్లు ఏ ఇంటికైనా పనికొస్తాయి. మిగిలిన రసం ఎవరికీ పనికిరాదు.

నమాజు వేళలతో పని

ముందు రోజు రాత్రి చేయదగిన పని నీళ్ళదే. నీళ్ళు తెర్లి మరిగాక ఒక నిమిషం పాటు అలాగే ఉంచి, దించి, మూత పెట్టి చల్లార్చాలి. వాటిలో కొన్నిటిని శుభ్రమైన డబ్బాల్లో పోసి ఐసుగా గడ్డకట్టించుకోవాలి.

జుహర్ తరువాత పాకం కాచి చల్లార్చాలి. పండ్లన్నిటినీ పారే నీళ్ళలో రుద్ది కడగాలి. పుచ్చకాయ తొక్క తినం కదా అని వదలకూడదు. తొక్క మీది మట్టిని కత్తే లోపలికి తీసుకుపోతుంది. హలీం కోసం మాంసం కోసిన పీట, కత్తి పండ్ల దగ్గరకు రాకూడదు.

అసర్ తరువాత పండ్లు కోయడం మొదలుపెట్టాలి. ముందు పుచ్చకాయ రసం తీసి వడకట్టి చల్లగా ఉంచాలి. సబ్జా గింజలు అప్పుడే నానబెడితే అరగంటలో ఉబ్బుతాయి. బత్తాయి రసం చివర తీయాలి. అది నిలవ ఉంటే చేదెక్కుతుంది, గింజలు నలిగినా చేదే. మగ్రిబ్‌కు అరగంట ముందు అన్నీ కలిపి, రుచి చూసే పని ఆ రోజు ఉపవాసం లేనివారికి అప్పగించాలి. ఐసు, పుదీనా, పండ్ల ముక్కలు అజాన్‌కు పది నిమిషాల ముందు వేస్తే చాలు.

కోసిన పండును, తీసిన రసాన్ని బయటి వేడిలో రెండు గంటలకు మించి ఉంచరాదని ఆహార భద్రతా నిపుణులు చెబుతారు. వేడి 32 డిగ్రీలు దాటితే ఆ గడువు ఒక గంటే. రంజాన్ ఏటా పది, పదకొండు రోజులు ముందుకు జరుగుతూ అన్ని రుతువుల్లోనూ వస్తుంది. మే నెల ఎండల్లో వచ్చినప్పుడు ఈ ఒక గంట లెక్కే మనకు ప్రమాణం.

ఐసు, పాత్ర, సీసా

బజార్లో దొరికే పెద్ద ఐసు దిమ్మలు ఎక్కువగా చేపలు, రొయ్యలు చెడిపోకుండా ఉంచడానికి చేసినవి. అవి తాగే నీళ్ళతో చేసినవన్న హామీ ఉండదు. గోనెసంచిలో చుట్టి, నేల మీద ఈడ్చుకొచ్చిన దిమ్మను పగలగొట్టి షర్బత్‌లో వేయడం మన సమావేశాల్లో జరిగే పెద్ద పొరపాటు. చల్లదనం వల్ల క్రిములు చావవు. దిమ్మ ఐసు తప్పనిసరైతే దాన్ని తొట్టిలో వేసి, షర్బత్ పాత్రను ఆ తొట్టిలో నిలబెట్టాలి. చల్లదనం బయటి నుంచే అందుతుంది.

పులుపున్న రసాన్ని సత్తు దేక్సాల్లో, కళాయి పోయిన రాగి, ఇత్తడి పాత్రల్లో ఉంచకూడదు. లోహం రసంలోకి దిగుతుంది. స్టీలు మేలు. వడ్డించేటప్పుడు జగ్గును చేత్తో ముంచడం కంటే కొళాయి ఉన్న క్యాను మంచిది.

రంగులు, ఎసెన్సులు వాడాలనుకుంటే సీసా మీది అక్షరాలు చదవాలి. కొన్ని ఎసెన్సులను ఆల్కహాలులో కరిగించి తయారుచేస్తారు. మన దేశపు నిబంధనల్లో ఆల్కహాలు 0.5 శాతం దాటిన పానీయాన్నే మద్యంగా లెక్కిస్తారు. కాబట్టి 'నాన్ ఆల్కహాలిక్' అని రాసి ఉన్నంత మాత్రాన అందులో సున్నా అని అర్థం కాదు. సందేహం వస్తే ఆలిమ్‌లను అడగాలి. యాలకుల పొడి, గులాబీ నీరు, పుదీనా ఉండగా ఎసెన్సు అవసరమే రాదు.

షుగరు ఉన్నవారి కోసం నిమ్మ, పుదీనా, సబ్జా, ఉప్పుతో పంచదార లేని షర్బత్ వేరే పాత్రలో చేసి, దాని మీద పేరు రాసి పెట్టాలి. వాళ్ళు పదిమందిలో అడగడానికి మొహమాటపడతారు.

దాతలకు ఒక మనవి

ఏ దానం ఉత్తమమని హజ్రత్ సఅద్ బిన్ ఉబాదా (రజి) అడిగినప్పుడు దైవప్రవక్త (సఅసం) నీళ్ళు ఇవ్వడాన్ని సూచించారని, ఆయన తన తల్లి పేరిట బావి తవ్వించారని హదీసు గ్రంథాల్లో ఉంది. మన షర్బత్ గ్లాసులో ఎక్కువ భాగం నీళ్ళే. పండ్లు పంపేవారికి కొదవ లేదు. పండ్లు కంటికి కనబడతాయి, బుట్ట మీద పేరూ కనబడుతుంది. నీళ్ళు మరిగించే గ్యాసుకు, శుభ్రమైన ఐసుకు, స్టీలు పాత్రకు, కొళాయి క్యానుకు సాయం చేసేవారు తక్కువ. ఈ ఏడాది మీ ఇఫ్తార్ సాయంలో కొంత భాగాన్ని వీటికి కేటాయించండి. పండ్లు పంపదలచినవారు ఆ రోజు అసర్ వేళకు అందేలా పంపండి. వేదిక మీది అతిథికీ, చివరి వరుసలో కూర్చున్న పిల్లవాడికీ ఒకే పాత్రలోని షర్బత్ అందుతోందో లేదో వచ్చి స్వయంగా చూడండి.

పదిమందికీ తాగించేవాడు తాను చివర తాగాలన్నది ప్రవక్త (సఅసం) నేర్పిన మర్యాద. మన కార్యకర్తలు దాన్ని పాటిస్తారు. ఆ చివరి గ్లాసు కూడా మొదటి గ్లాసంత శుభ్రంగా, తాజాగా ఉండేలా చూడటం మనందరి బాధ్యత.

అల్లాహ్ మన దానధర్మాలను స్వీకరించుగాక! ఆమీన్.