నివాస రుజువు పత్రాలు – సభ్యులు తెలుసుకోవలసిన సంగతులు



పాలలో వెన్న శాతం గురించి, దాణా గురించి, దూడల పెంపకం గురించి ఈ పుటలలో తరచు చెప్పుకుంటూ ఉన్నాము. ఈసారి పాఠం పశువు గురించి కాదు, కాగితం గురించి. పాలు పితికేవారికి కాగితాలతో పనేమిటని కొందరు అనుకోవచ్చు. పాల బిల్లు బ్యాంకు ఖాతాలో పడాలన్నా, గేదె కొనుగోలుకు ఋణం కావాలన్నా, పిల్లవాడిని హాస్టలులో చేర్చాలన్నా ముందుగా అడిగే ప్రశ్న ఒక్కటే: "మీరు ఉండేది ఎక్కడ?" ఆ ప్రశ్నకు నోటి మాట చాలదు. కాగితం చూపాలి.

ఒక సంఘానికి మేము తనిఖీకి వెళ్ళినప్పుడు తెలిసిన సంగతి చెబుతాము. ఆ సంఘంలో పన్నెండేళ్ళుగా రెండు పూటలా పాలు పోస్తున్న సభ్యురాలు ఒకామె గేదె ఋణానికి దరఖాస్తు పెట్టుకున్నది. ఆమె పాల పుస్తకంలో ఒక్క తప్పు లేదు. అయితే బ్యాంకు గుమాస్తా ఆధార్ కార్డు తిరగేసి, "అమ్మా, ఇందులో ఊరు వేరే ఉందే?" అన్నాడు.

"అది మా పుట్టినూరు బాబూ. నేను ఇక్కడికి కాపురానికొచ్చి పన్నెండేళ్ళయింది" అన్నది ఆమె.

ఓటు కూడా పుట్టినూళ్ళోనే ఉన్నది. కరెంటు బిల్లు కాలం చేసిన మామగారి పేర, ఇంటి పన్ను రసీదు బావగారి పేర ఉన్నాయి. సంఘం సెక్రటరీ మంచి మనసుతో ఒక ఉత్తరం రాసి, ముద్ర వేసి ఇచ్చాడు. అది చెల్లలేదు. ఆమె కాగితాలు సరిచేయించుకుని వచ్చేసరికి, మాట్లాడుకున్న సూడి గేదెను వేరొకరు తోలుకుపోయారు. ఆ ఈత పాలు ఆమెకు దక్కలేదు. ఆ ఊళ్ళో ఆమెను ఎరగనివారు లేరు. అయినా దరఖాస్తుకు ఆ ఎరుక పనికిరాలేదు. ఇటువంటి నష్టం మరొకరికి రాకూడదనే ఈ పాఠం.

మూడు వేరు వేరు ప్రశ్నలు

మన సభ్యులు ఎక్కువగా పొరబడేది ఇక్కడనే. "నా దగ్గర ఆధార్ ఉంది, అన్నిటికీ అదే చాలు" అంటారు. కాని ప్రభుత్వం అడిగే ప్రశ్నలు మూడు రకాలు.

ఒకటి, చిరునామా. మీకు ఉత్తరం పంపితే ఏ ఇంటికి చేరుతుంది? బ్యాంకులు, గ్యాస్ కంపెనీలు అడిగేది ఇది.

రెండు, నివాసం. మీరు మామూలుగా కాపురముండే ఊరు ఏది? ఓటరు జాబితాకు కావలసినది ఇది.

మూడు, స్థానికత. మీరు ఏ ప్రాంతపు అభ్యర్థి? ఉద్యోగాలకు, కాలేజీ సీట్లకు అడిగేది ఇది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1975 నాటి రాష్ట్రపతి ఉత్తర్వుతో ఉద్యోగాలలో ఈ పద్ధతి వచ్చింది. దీనికి ముఖ్యంగా చూసేది బడిలో చదివిన సంవత్సరాలు. తెలంగాణలో 2018 ఉత్తర్వు తరువాత ఒకటి నుంచి ఏడవ తరగతి వరకు ఎక్కడ చదివారన్నది లెక్కలోకి వస్తుంది. కనుక పిల్లల స్టడీ సర్టిఫికెట్లు పారవేయకండి. బడికి పోనివారు, బడి రికార్డు లేనివారు తహసీల్దారు ఇచ్చే నివాస ధ్రువపత్రం తెచ్చుకోవలసి ఉంటుంది.

ఒక ప్రశ్నకు పనికివచ్చిన కాగితం మరొక ప్రశ్నకు పనికిరాకపోవచ్చు. అందుచేత దరఖాస్తు చేతికి రాగానే, వాళ్ళు అడిగేది ఈ మూడింటిలో ఏదో ముందుగా తెలుసుకోవాలి.

ఏ కాగితం ఏమి చెబుతుంది?

ఆధార్: మన దేశంలో మొదటి ఆధార్ సంఖ్య 2010లో ఇచ్చారు. చిరునామా రుజువుగా ఇది చాలా చోట్ల చెల్లుతుంది. అయితే 2016 నాటి ఆధార్ చట్టం 9వ సెక్షన్ ప్రకారం ఆధార్ సంఖ్య దానంతట అదే పౌరసత్వానికి గాని, స్థిర నివాసానికి గాని రుజువు కాదు. స్థానికత అడిగిన చోట ఆధార్ చూపి వాదులాడటం వృథా.

రేషన్ కార్డు: మన ఇళ్ళలో ఎక్కువ గౌరవం దీనికే. కాని 2015 నాటి కేంద్ర ప్రజాపంపిణీ ఉత్తర్వు ప్రకారం రేషన్ కార్డును గుర్తింపు పత్రంగా గాని, నివాస రుజువుగా గాని వాడరాదు. కొన్ని చోట్ల ఇంకా తీసుకుంటున్నారు. కుటుంబ సభ్యుల బంధుత్వం చూపటానికి ఇది బాగా పనికివస్తుంది. దీనినొక్కదానినే నమ్ముకోవద్దని మా సలహా.

పాన్ కార్డు: ఇందులో చిరునామానే ఉండదు. నివాస రుజువుగా దీనిని జతపరచి లాభం లేదు.

పొలం పాసుపుస్తకం: ఇది భూమి హక్కును చెబుతుంది. ఓటరు దరఖాస్తుతో రెవెన్యూ భూమి రికార్డును జతపరచవచ్చు. బ్యాంకుల గుర్తింపు పత్రాల జాబితాలో మాత్రం ఇది లేదు.

జనన ధ్రువపత్రం: ఎక్కడ పుట్టారో చెబుతుంది. ఇప్పుడు ఎక్కడ ఉంటున్నారో చెప్పదు.

నివాస ధ్రువపత్రం: దీనిని తహసీల్దారు ఇస్తారు. తెలంగాణలో మీసేవా కేంద్రంలో, ఆంధ్రప్రదేశ్‌లో మీసేవాలో గాని ఊరి సచివాలయంలో గాని దరఖాస్తు ఇవ్వాలి. రెవెన్యూ సిబ్బంది విచారణ ఉంటుంది కనుక గడువుకు ముందు రోజు పరుగెత్తితే పని కాదు.

ఏ కాగితమైనా చేతికి తీసుకుని మూడు సంగతులు చూసుకోండి. పేరు మీదేనా? ఇంటి నెంబరు, ఊరు ఇప్పటివేనా? తేదీ పాతబడలేదు గదా? మూడింటిలో ఒకటి తప్పినా కాగితం తిరిగి రావచ్చు.

బ్యాంకు ఖాతా సంగతి

రిజర్వు బ్యాంకు నిబంధనల ప్రకారం చెల్లే పత్రాలు ఇవి: పాస్‌పోర్టు, డ్రైవింగ్ లైసెన్సు, ఆధార్, ఓటరు కార్డు, రాష్ట్ర ప్రభుత్వ అధికారి సంతకం ఉన్న ఉపాధి జాబ్ కార్డు, జాతీయ జనాభా రిజిస్టరు వారు పేరు, చిరునామాతో ఇచ్చిన లేఖ. పాల సంఘం ఇచ్చే ఉత్తరం ఈ జాబితాలో లేదు. మన సెక్రటరీలు దీనిని గమనించాలి.

ఈ పత్రాలలో చిరునామా పాతదైతే ఒక వెసులుబాటు ఉన్నది. రెండు నెలలు దాటని కరెంటు బిల్లు, నీటి బిల్లు, టెలిఫోను బిల్లు వంటివి గాని, ఇంటి పన్ను రసీదు గాని తాత్కాలికంగా ఇవ్వవచ్చు. ఆ తరువాత మూడు నెలలలోగా కొత్త చిరునామా గల అసలు పత్రం చూపాలి.

ఏ పత్రమూ లేని పేదవారికి కూడా దారి ఉన్నది. బ్యాంకులో "చిన్న ఖాతా" తెరవమని అడగవచ్చు. ఇందులో నిల్వ 50,000 రూపాయలు, ఏడాదికి జమ 1,00,000 రూపాయలు, నెలకు తీసేది 10,000 రూపాయలు మించరాదు. ఇది మొదట 12 నెలలు నడుస్తుంది. ఆలోగా పత్రానికి దరఖాస్తు పెట్టినట్టు చూపితే మరో 12 నెలలు పొడిగిస్తారు. ఒకటి రెండు పాడి పశువులున్న సభ్యురాలి పాల బిల్లుకు ఈ ఖాతా సరిపోవచ్చు. ఖాతా లేదన్న సాకుతో ఆమె డబ్బు వేరొకరి ఖాతాలో వేయటం మంచి పద్ధతి కాదు.

కాపురానికి వచ్చిన ఆడపడుచులకు

పైన చెప్పిన సభ్యురాలి ఇబ్బంది మన సంఘాలలో ఎందరికో ఉన్నది. పెండ్లయిన ఏడాదిలోగా ఈ మూడు పనులు చేయించుకోవాలని మా విన్నపం.

మొదటిది ఓటు. ఓటు ఒక చోటినుంచి మరొక చోటికి మార్చుకోవటానికి 2022 ఆగస్టు నుంచి ఫారం 8 వాడుతున్నారు. భర్త ఆ చిరునామాలోనే ఓటరై ఉంటే, ఆయన పేరిట ఉన్న నివాస రుజువు ఇస్తే చాలు. ఏ కాగితమూ లేకపోతే పోలింగు కేంద్రపు అధికారి ఇంటికి వచ్చి విచారిస్తారు. రెండు చోట్ల ఓటు ఉంచుకోవటం చట్టవిరుద్ధం.

రెండవది ఆధార్. తన పేర ఏ రుజువూ లేనివారు కుటుంబ పెద్ద చిరునామాను ఆధారం చేసుకుని మార్చుకునే పద్ధతి 2023 జనవరిలో వచ్చింది. భర్త వంటి కుటుంబ పెద్ద సమ్మతించాలి. బంధుత్వం చూపే కాగితం, అంటే రేషన్ కార్డు, పెండ్లి ధ్రువపత్రం వంటిది జతపరచాలి. కుటుంబ పెద్ద 30 రోజులలోగా తన సమ్మతి తెలపకపోతే దరఖాస్తు మూతపడుతుంది. కనుక ఆయన ఫోను నెంబరు ఆధార్‌తో కలిసి ఉన్నదో లేదో ముందే చూసుకోండి.

మూడవది పెండ్లి నమోదు. ఇంటిపేరు మారినవారికి ఇది చాలా ముఖ్యం. పాత ఇంటిపేరుతో ఉన్న గుర్తింపు పత్రమైనా, ప్రభుత్వం ఇచ్చిన పెండ్లి ధ్రువపత్రం జతచేస్తే బ్యాంకులో చెల్లుతుంది. మన రాష్ట్రంలో పెండ్లిండ్ల నమోదు తప్పనిసరి చేస్తూ 2002లోనే చట్టం వచ్చింది.

వలస వెళ్ళినవారు

పాలమూరు నుంచి పనులకు, కరీంనగర్ వైపునుంచి గల్ఫుకు వెళ్ళేవారు ఎందరో ఉన్నారు. నాలుగు నెలలు ఊళ్ళో లేనంత మాత్రాన నివాసం పోదు. 1950 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టం 20వ సెక్షన్ ప్రకారం తాత్కాలికంగా ఊరు విడిచినవారు అక్కడి నివాసులు కాకుండా పోరు. అలాగే ఊళ్ళో ఇల్లు ఉన్నంత మాత్రాన నివాసి కూడా అయిపోరు. ఇల్లు ఇక్కడ ఉంచి పదేళ్ళుగా పట్నంలో స్థిరపడినవారు ఈ రెండవ మాట గుర్తుంచుకోవాలి. పరదేశంలో ఉంటూ, అక్కడి పౌరసత్వం తీసుకోనివారు తమ పాస్‌పోర్టులోని ఊరి చిరునామాతో ఫారం 6ఎ ద్వారా ఓటరుగా చేరవచ్చు.

పాలకవర్గం బాధ్యత

మన సంఘాల నియమావళిలో "కార్యక్షేత్రం" అనే మాట ఉంటుంది. సభ్యత్వానికి ఆ క్షేత్రంతో సంబంధం ఉండాలి. ఎన్నికలు దగ్గరపడగానే పొరుగూరి చుట్టాలను సభ్యులుగా చేర్చి, వారు ఈ ఊళ్ళోనే ఉంటున్నారని రాసిన రిజిస్టర్లు మా తనిఖీలో కనబడ్డాయి. ఒక్క చుక్క పాలు పోయనివారు ఓటు వేస్తే, నిజంగా పాలు పోసేవారి మాట చెల్లకుండా పోతుంది. ఇక ఓటరు జాబితా కోసం తెలిసి అబద్ధపు ప్రకటన చేస్తే ఏడాది వరకు జైలు, లేదా జరిమానా, లేదా రెండూ పడవచ్చు. తెలియని మనిషికి "ఇక్కడివాడే" అని సంతకం పెట్టవద్దు. తెలిసిన మనిషికి సరియైన దారి చూపండి.

ఈ వారం చేయవలసినవి

ఇంట్లో ఉన్న కాగితాలన్నీ ఒక చోట పరచండి. పేరు, తండ్రి లేక భర్త పేరు, ఇంటి నెంబరు అన్నిటిలో ఒకే విధంగా ఉన్నాయా చూడండి. కాలం చేసినవారి పేర ఉన్న కరెంటు సర్వీసును, ఇంటి పన్నును బ్రతికి ఉన్నవారి పేరకు మార్చుకునే దరఖాస్తు పెట్టండి. జిరాక్సు ఇచ్చేటప్పుడు, ఏ పనికి ఇస్తున్నారో, ఏ తేదీన ఇస్తున్నారో దాని మీద రాసి సంతకం చేయండి. దరఖాస్తు ఇచ్చిన ప్రతి చోటా రసీదు అడిగి తీసుకుని దాచుకోండి.

వచ్చే నెల సంఘ సమావేశంలో సెక్రటరీగారు ఈ ప్రశ్నలు సభ్యులను అడగవలెనని కోరుతున్నాము:

1. చిరునామా, నివాసం, స్థానికత – వీటికి తేడా ఏమిటి?

2. పాన్ కార్డు నివాస రుజువుగా ఎందుకు పనికిరాదు?

3. మీ ఇంటి కోడలి ఓటు, ఆధార్ ఏ ఊళ్ళో ఉన్నాయి?

మూడవ ప్రశ్నకు జవాబు తెలియని ఇంటివారు ఆ రోజు సాయంత్రమే చూసుకోవాలి. గేదె బేరం కుదిరిన తరువాత కాగితాల కోసం తిరిగితే, అమ్మేవాడు మనకోసం ఆగడు.