నీళ్ల నడుమ నిలిచిన పేర్లు

సిద్దిపేట దగ్గరి ఒక ఊరి మహిళా సంఘం వాళ్లు నాగార్జునసాగర్ చూడబోయారు. లాంచీ ఎక్కారు. చుట్టూ కృష్ణమ్మ నీళ్లు. నడుమ ఒక కొండ. అదే నాగార్జునకొండ.

"గిన్ని నీళ్ల నడుమకు గుట్ట ఎట్లొచ్చిందే?" అని అత్త అడిగింది.

"గుట్ట రాలే అత్తమ్మా, నీళ్లే వచ్చినయ్" అంది కోడలు.

నిజమే. ఒకప్పుడు ఇది నది పక్క లోయ. సుమారు 1700 ఏండ్ల కిందట ఇక్కడ విజయపురి పట్నం ఉండేది. ఇక్ష్వాకు రాజులు ఏలారు. బౌద్ధ భిక్షువులకు విహారాలు, స్తూపాలు ఉండేవి. డ్యాము కడితే లోయ మునుగుతుంది. అందుకని 1954 నుంచి 1960 దాకా తవ్వకాలు జరిపారు. దొరికిన శిల్పాలను కొండ మీదికి చేర్చారు. కొన్ని కట్టడాలను అక్కడే మళ్లీ కట్టారు.

ఇక్కడి స్తంభాల మీద రాతలున్నాయి. భాష ప్రాకృతం, లిపి బ్రాహ్మి. వాటిలో ఆడవాళ్ల పేర్లు చాలా ఉన్నాయి. రాజు తోబుట్టువు చాంతిసిరి మహాస్తూపం దగ్గర స్తంభాలు ఎత్తించింది. బోధిసిరి రాణి కాదు. అయినా సింహళ భిక్షువుల కోసం చైత్యం కట్టించింది. తనవాళ్ల మేలు కోరి ఆ సంగతి రాయించింది. అక్షరం ఉంది కాబట్టే ఆ పేర్లు మిగిలాయి.

సాగర్ నీళ్లను ఆనుకుని నల్లమల అడవి ఉంది. 1978లో దీన్ని వన్యప్రాణుల అభయారణ్యంగా ప్రకటించారు. పులి, చిరుత, ఎలుగుబంటి, దుప్పి, కణితి ఇక్కడ బతుకుతాయి. నీళ్లలో మొసళ్లున్నాయి. టేకు, నల్లమద్ది, ఇప్ప, తునికి చెట్లున్నాయి. చెట్ల వేళ్లు మట్టిని పట్టి ఉంచుతాయి. అడవి పోతే మట్టి కొట్టుకొచ్చి సాగర్‌లో పూడిక పెరుగుతుంది. అందుకే అడవిని కాపాడితే నీళ్లను కాపాడినట్టే.

కొండ మీద ఒక పాత రాతి మీద ఎవరో పేర్లు గీకారు. అత్త కూడా పిన్నీసు తీసింది. కొత్తగా నేర్చిన పేరు కదా!

"వద్దు అత్తమ్మా. పాత రాత చెడిపోతది. నీ పేరు పొలం పాసుబుక్కుల రాయించుకుందాం" అంది కోడలు.

అత్త పిన్నీసు కొంగుకు పెట్టుకుంది. "ఊరికి పోంగనే అడుగుదాం పా" అంది.

ఆలోచించండి
1. బోధిసిరి పేరు మనకు ఎట్లా తెలిసింది?
2. అడవికి, సాగర్ నీళ్లకు సంబంధం ఏమిటి?
3. మీ ఇంటి కాగితాల్లో మీ పేరు ఎక్కడెక్కడ ఉంది? చూసి రాయండి.