ఏ వేళకు అని అడుగు

లాల్‌దర్వాజ, హైదరాబాద్
ఆదివారం

చిరంజీవి స్వాతికి,

మొన్న ఫోన్లో నువ్వడిగిన దానికి "చూద్దాంలే" అని ఊరుకున్నాను. అది జవాబు కాదని ఫోను పెట్టేశాక నాకే అనిపించింది. అందుకే ఈ ఉత్తరం.

సెలవుకు వచ్చేటప్పుడు నీతోపాటు ఆఫీసు స్నేహితురాళ్ళు ఇద్దరు ఒసాకా నుంచి వస్తున్నారు, వాళ్ళకు పాతబస్తీ తిండి చూపించాలి, అరవై ఏళ్ళుగా ఇక్కడే పడి ఉన్న అత్తయ్య ఉండగా గైడుకు డబ్బులు పోయడం దండగ కదా అన్నావు. దండగ కాదు. గైడును మాట్లాడుకో. నేనూ వస్తాను, కానీ ముందు నడిచేది గైడే.

ఎందుకో చెప్తాను, నవ్వకు. మూసీ అవతల బడిలో పాఠాలు చెప్పినన్నాళ్ళూ రోజూ పొద్దున మదీనా, నయాపూల్ మీదుగానే బస్సులో వెళ్ళాను. నాయబ్ హోటలు ముందు బస్సు ఆగినప్పుడల్లా ఆ వాసన కిటికీలోంచి లోపలికొచ్చేది. అన్నేళ్ళలో ఒక్కసారి కూడా లోపలికి వెళ్ళి కూర్చోలేదు. మా కాలంలో ఇరానీ హోటలంటే మగవాళ్ళు పేపరు చదువుకుంటూ చాయ్ తాగే చోటు. ఆడవాళ్ళకు ఓ మూల ఫ్యామిలీ రూము, దానికో పరదా. ఆ పరదా వెనక కూర్చోవడం కంటే ఇంటికెళ్ళి టీ పెట్టుకోవడమే నయం అనిపించేది. రిటైరయ్యాక మా పాత విద్యార్థిని ఒకామె టికెట్టు కొనిచ్చి ఓ తిండి నడకకు పంపింది. నా వయసులో సగం లేని కుర్రాడు గైడు. పుట్టిపెరిగిన ఊళ్ళో నాకు గైడేమిటని మొదటి గంట సిగ్గుతో చచ్చాను. రెండో గంటకు అర్థమైంది: నాకు తెలిసింది లాల్‌దర్వాజ, గౌలిపురా, గాజుల కోసం లాడ్‌బజార్. అంతే. మిగతా ఊరిని నేను బస్సు కిటికీలోంచి చూశాను. గైడు చేసే గొప్ప పని ఏదైనా ఉంటే ఆ గడప దాటించడమే. చరిత్ర పుస్తకాల్లోనూ దొరుకుతుంది.

ఒసాకాలో నీకూ అదే జరిగిందిగా. నాలుగేళ్ళ నుంచి ఆ ఊళ్ళో ఉంటూ, నిలబడి తినే ఆ ఇరుకు కొట్లలోకి మొదటిసారి వెళ్ళింది గైడు వెంటే అన్నావు. వాళ్ళ "కుయిదావొరె" మాటకు అర్థం చెప్పినప్పుడు, తిని తిని ఇల్లు గుల్ల చేసుకోవడమన్నమాట అని నేను నవ్వాను. పుల్లకు గుచ్చి వేయించిన కుషికాత్సును సాసులో ఒక్కసారే ముంచాలి, కొరికాక మళ్ళీ ముంచకూడదని గోడ మీద బోర్డు పెడతారన్నావు చూడూ, అది నాకు బాగా నచ్చింది. ఎంగిలి అనే మాట మనకు ఒక్కళ్ళకే ఉందనుకున్నాను ఇన్నాళ్ళూ.

సరే, అసలు సంగతికి వస్తాను. గైడును వెతికేటప్పుడు ఎన్ని దుకాణాలు చూపిస్తారని అడక్కు. ఏ వేళకు బయల్దేరతారని అడుగు. పాతబస్తీ తిండి అంతా వేళ మీద నడుస్తుంది. గడియారాలకేం కొదవ లేదు ఇక్కడ: చార్మినార్‌కు 1889లో పెట్టిన నాలుగు గడియారాలున్నాయి, మహబూబ్ చౌక్‌లో 1892 నాటి గంటస్తంభం ఉంది, శాలిబండలో 1904లో కట్టిన ఇంకో స్తంభం. పొట్టకు మాత్రం వాటితో పనిలేదు, దాని లెక్క దానిది.

నహారీ తెల్లవారుజాము తిండి. అరబ్బీలో నహార్ అంటే పగలు, పేరే అందులోంచి వచ్చింది. మేక కాళ్ళు, నాలుక రాత్రంతా సన్నటి సెగ మీద ఉడికి, తెల్లారేసరికి పులుసు వేలికి అంటుకునేంత చిక్కబడుతుంది. పాయా, జుబాన్ అని విడిగా పేర్లు. దీనికి తోడు నాలుగు మూలల నాన్, చార్‌కోనీ నాన్ అంటారు. నేలలోకి దించిన బావిలాంటి తందూరు గోడకు పిండిని చరిచి కాలుస్తారు. వంగి చెయ్యి లోపల పెట్టే మనిషి మొహం చూడు, ఆ వేడికి ఎండాకాలం గుర్తొస్తుంది. పురానీ హవేలీ దగ్గరి మున్షీ నాన్ పేరు 1851 నుంచి ఉన్నది. అయితే ఒక్క మాట: ఎం.జి.బి.ఎస్. నుంచి చాంద్రాయణగుట్ట దాకా మెట్రో కోసం దారుల్‌షిఫా, పురానీ హవేలీ, శాలిబండ వైపు రోడ్డు వెడల్పు చేస్తూ కట్టడాలు కూల్చారు. పాత చిరునామాలు పట్టుకుని తిరగొద్దు, ఎక్కడికి మారిందో ముందు రోజే అడిగి పెట్టుకోవాలి. మంచి గైడుకు ఇవన్నీ తెలిసి ఉంటాయి.

పదింటికి బయల్దేరదీసే గైడు ఈ నహారీని మీకు చూపించలేడు. అడుగున మిగిలింది పెడతాడు, లేదా ఇంకేదో పెట్టి ఇదే అంటాడు.

ఏడింటికి గుల్జార్‌హౌజ్ పక్కన గోవింద్ బండి దగ్గర దోసెలు. పెనం మీద వెన్న గడ్డ కరుగుతూ, దాని మీద టమాటా, ఉప్మా, కారప్పొడి. మీ నాన్నమ్మ చూస్తే ఇది దోసెకు జరిగిన అవమానం అనేది. నాకూ మొదటి ముక్కకు అదే అనిపించింది, మూడో ముక్కకు ఆ మాట వెనక్కి తీసుకున్నాను. మాంసం ముట్టనివాళ్ళు మీ గుంపులో ఉంటే దిగులు పడకు. ఉదయం బండ్లు, మిఠాయి కొట్లు, ఇరానీ చాయ్ కలిపితే సగం నడక వాళ్ళదే. గుల్జార్‌హౌజ్ చుట్టూ ఉన్న నాలుగు కమాన్ల మధ్య నిలబడి దోసె తింటుంటే పావురాలు, సైకిళ్ళు, పాలక్యాన్లు తప్ప రద్దీ ఉండదు. చార్మినార్‌ను ఆ వేళకు చూడాలి. 1591లో కట్టినప్పటి సందడిని ఊహించుకోవడానికి వీలయ్యేది అప్పుడే. పదకొండు దాటితే ఊహకు చోటుండదు, ఆటోలే ఉంటాయి.

తొమ్మిది నుంచి పదకొండు దాకా పాతబస్తీ బజార్లు నిద్రపోతున్నట్టే. బజారు షట్టర్లు లేచేదే పదకొండుకు. మీరూ ఇంటికొచ్చి పడుకోండి.

సాయంత్రం నాలుగింటికి చాయ్. ఒసాకాలో కొట్టు కొట్టుకూ ఓ చిన్న గిన్నెడు సాకే పోశారన్నావు. ఇక్కడ మందు మాట ఎత్తొద్దు, మనం నడిచేది మక్కా మసీదు నీడలో. కానీ ఆ స్థానం ఖాళీ ఏమీ లేదు, ఇరానీ చాయ్ ఉంది. డికాషన్ ఒక గిన్నెలో మూత బిగించి దమ్ము మీద గంటల తరబడి మరుగుతుంది. పాలు విడిగా ఇంకో గిన్నెలో చిక్కగా కాగుతాయి. రెండూ కలిసేది నీ కప్పులోనే. చక్కెర తక్కువ వెయ్యమంటే వాళ్ళు నిన్ను జాలిగా చూస్తారు, పట్టించుకోకు. మసీదు పక్కన నిమ్రా కేఫ్‌లో నిలబడి తాగండి. ఉస్మానియా బిస్కెట్లు ట్రేలతో వేడివేడిగా వస్తాయి. కాస్త తీపి, కాస్త ఉప్పు. చాయ్‌లో ముంచి లెక్క పెట్టకుండా తీసెయ్యాలి, ఆలస్యమైతే అడుగుకు పోతుంది. చివరి నిజాం ఉస్మాన్ అలీఖాన్ పేరు దానిది. ఆస్పత్రిలో రోగుల కోసం పుట్టిందని ప్రతి గైడూ చెప్తాడు. కథ బాగుంటుంది, కథలాగే విను. కడుపులో చోటుంటే లుఖ్మీ ఒకటి తీసుకోండి. నలుచదరంగా, లోపల కీమాతో, సమోసాకు పెత్తండ్రి కొడుకులా ఉంటుంది. ఒక్కటి చాలు, ముగ్గురూ పంచుకోండి. చాయ్ కూడా వన్ బై టూ చెప్పండి. నాలుగు చోట్ల తాగాలి కదా.

బిర్యానీ ఈ నడకలో పెట్టుకోవద్దు. చాలామంది దీనికి ఒప్పుకోరని తెలుసు. బిర్యానీ కూర్చుని తినే తిండి, తిన్నాక పడుకునే తిండి. దాని తర్వాత నడవమంటే ఎవరు నడుస్తారు? ఇంకో రోజు మధ్యాహ్నం షాదాబ్ హోటలుకు తీసుకెళ్తాను.

ఇక రంజాన్ నెలలో వచ్చేట్టయితే లెక్కంతా తిరగబడుతుంది. పగలు హోటళ్ళ ముందు పరదాలు దిగి ఉంటాయి. భట్టీల దగ్గర మాత్రం గోధుమ, మాంసం, నెయ్యి కలిసి ఉడుకుతుంటే ఇద్దరు మనుషులు పొడుగాటి కర్రలతో దంచుతుంటారు. ఆ కర్రను ఘోట్నీ అంటారు. ఇఫ్తార్ వేళకు హలీం తయారు. హైదరాబాద్ హలీంకు 2010లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, మన దేశంలో మాంసం వంటకానికి అదే మొదటిది. దాని తాతగారు హరీస్. నిజాం సైన్యంలో పనిచేసిన యెమెన్ అరబ్బుల సంతతి ఉండే బార్కస్‌లో అది రంజాన్ కాని రోజుల్లో కూడా దొరుకుతుంది. బారక్స్ అన్న మాటే నోళ్ళలో నలిగి బార్కస్ అయింది. అక్కడ మండీ అనే మాంసం అన్నం ఒకే పెద్ద పళ్ళెంలో వస్తుంది, చుట్టూ కూర్చుని తినాలి. నీ ఒసాకా స్నేహితురాళ్ళకు, సాసులో రెండోసారి ముంచనివాళ్ళకు, అది కొంచెం వింతగా ఉండొచ్చు. నాకూ ఉండేది. ఎవరి వైపు వాళ్ళు తింటారు, భయపడొద్దని చెప్పు.

రేట్ల గురించి అడిగావు. రేటు కంటే ముందు గుంపు ఎంతో అడుగు. ఆరుగురు దాటితే వద్దను. ఒకసారి మీ మామయ్యతో కలిసి ఇరవై మంది గుంపులో వెళ్ళాను. మూడు గంటల్లో పన్నెండు చోట్లు. ప్రతి చోటా కొట్టు ముందు వరసలో నిలబెట్టి, పేపరు ప్లేటులో ఓ ముక్క పెట్టి, ఫొటో తియ్యమని, పదండి పదండి. అయిదో చోటుకే మీ మామయ్య కడుపు పట్టుకున్నారు. ఆ గైడు చార్మినార్ కింద నుంచి గోల్కొండకు సొరంగం ఉందని కళ్ళతో చూసినట్టే చెప్పాడు. "నువ్వు వెళ్ళావా నాయనా" అని అడిగితే "మేడం, మూసేశారు" అన్నాడు. సొరంగం కథను కథ అని చెప్పే గైడు దొరికితే వదలకు. ఇంకో గుర్తు కూడా చెప్తాను: గైడు కొట్టు దగ్గరికి వెళ్ళగానే యజమాని తలెత్తి సలాం చెప్తాడా, లేక గైడే ముందు అరుస్తాడా, అది చూడు. మొదటి అయిదు నిమిషాల్లో తెలిసిపోతుంది.

2019లో యునెస్కో మన ఊరిని ఆహారానికి పేరుపడ్డ నగరాల జాబితాలో చేర్చింది. మీ జపాన్‌లో త్సురుఒకా 2014లోనే చేరిందట. ఈ మాట ఆ పిల్లలకు నువ్వు చెప్పు, గైడు చెప్పేదాకా ఆగకు.

ఒక్క విషయంలో మాత్రం మొహమాట పడకు. మాంసం ప్లేటు ముందుకు రాగానే "ఛోటే కా హై, యా బడే కా?" అని అడుగు. ఛోటా అంటే మేక, గొర్రె. బడా అంటే పెద్ద పశువు మాంసం. కల్యాణీ బిర్యానీ బడాతోనే చేస్తారు. ఎవరి తిండి వాళ్ళది. అడిగితే ఇక్కడ ఎవరూ తప్పు పట్టరు, నవ్వుతూ చెప్తారు. అడక్కుండా తిని తర్వాత మొహం మాడ్చుకుంటేనే వాళ్ళకు బాధ. వంటవాళ్ళ ఫొటో తియ్యాలంటే కూడా అడగాలి, ముఖ్యంగా ఆడవాళ్ళున్నచోట. సీసా నీళ్ళు వెంట ఉంచుకోండి. మెత్తటి చెప్పులు, తలకో చున్నీ. శుక్రవారం మధ్యాహ్నం వద్దు, నమాజుకు దారులన్నీ నిండుతాయి, చౌమొహల్లా ప్యాలెస్ కూడా ఆ రోజు మూసి ఉంటుంది.

ఆషాఢంలో వస్తే ఇంకా మంచిది. సింహవాహిని అమ్మవారి బోనాల ఆదివారం మన వీధిలోంచి కాలు బయట పెట్టే వీలుండదు. ఆ రోజు గైడును పిలవద్దు. కొత్త కుండలో పాలు, బెల్లం వేసి వండిన బోనం ఇంట్లోనే ఉంటుంది, ఆ పిల్లలకు నేనే వడ్డిస్తాను. మన పక్కవీధిలో ఉండే ఓ గైడు వాళ్ళ అమ్మ కూడా మనింటికే వస్తుంది ఆ రోజు.

మీరు వచ్చిన మూడో రోజు పొద్దున పెట్టుకుందాం. ముందు రాత్రి పెందలాడే పడుకోండి, లేచాక ఏమీ తినకండి. అయిదింటికి నేను నాయబ్ మెట్ల దగ్గర నిలబడి ఉంటాను.

ఇట్లు,
మీ అత్తయ్య

తా.క.: ఆ టకోయాకీ కాల్చే పెనం అచ్చం మన గుంటపొంగనాల పెనంలాగే ఉందని ఫొటో పంపావు కదా. నా పెనం పిడి ఊడిపోయింది. ఒకటి పట్టుకురా.