కంద పువ్వుకు కంపెందుకు?

నెల్లూరు తీరంలోని బాలలారా! కంద కూర మీరు తినే ఉంటారు. మరి కంద పువ్వును చూశారా? తవ్వకుండా వదిలిన ముదురు దుంప నుండి, ఆకుకంటె ముందే, ఊదా ఎరుపు పూగుత్తి నేలను చీల్చుకు వస్తుంది. కుళ్ళిన మాంసపు కంపు! మనం ముక్కు మూసుకుంటాం; పెంకుపురుగులు మాత్రం వెతుక్కుంటూ వస్తాయి.

గుత్తి నడిమి కాడకు అడుగున ఆడపూలు, వాటిపైన మగపూలు ఉంటాయి. ఆడపూలు ముందు పక్వమవుతాయి. పుప్పొడి ఆ తర్వాతగాని రాలదు. కనుక తన పుప్పొడి తనకు అందదు. మరో కంద పుప్పొడి పూసుకున్న పురుగు ఆలోపే రావాలి. అందుకే కాడ కొస నిలవ ఉన్న పిండిపదార్థాన్ని ఖర్చుచేసి వేడెక్కుతుంది. ఆ వేడికి కంపు దూరం దాకా వ్యాపిస్తుంది.

రైతు దుంప ముక్కలే నాటుతాడు. కాని రెండు మొక్కల గుణాలు కలిసిన కొత్త కంద పుట్టాలంటే గింజే కావాలి. కంపని పెరికివేయకండి సుమా!