వాకిట ఉన్న లాజరు



1953లో వచ్చిన ‘దేవదాసు’ను నేడు సికింద్రాబాదులో మన ఇళ్లలోనే పెద్ద టీవీల మీద స్పష్టంగా చూడగలుగుతున్నాము. తాగుడుతో కృశించిన దేవదాసు పార్వతి ఇంటి ముంగిట ప్రాణం విడుస్తాడు. ఆమె పరుగున వచ్చేసరికి తలుపులు మూసివేస్తారు. మన కన్నులు చెమర్చుతాయి.

విషాద నాటకం జాలిని, భయాన్ని రేపి మనసును శుద్ధి చేస్తుందన్నాడు అరిస్టాటిల్. క్రీస్తు ప్రభువు మనలను అంతటితో ఆగనివ్వడు. లూకా సువార్త 16వ అధ్యాయంలోని ధనవంతుడు లాజరును కొట్టలేదు, తరమలేదు. వాకిట పడివున్నవానిని పట్టించుకోలేదు, అంతే. తెర మీది తాగుబోతుకు కన్నీరు, వీధిలోని తాగుబోతుకు చీదరింపు అయితే మనమూ ఆ ధనవంతులమే.

ఈ వారం కుటుంబ జపమాల తరువాత అటువంటి ఒక ఇంటికి వెళ్లండి. ఆ ఇల్లాలిని, బిడ్డలను పలకరించండి. ఏళ్ల తరబడి తాగినవారు హఠాత్తుగా మానితే మూర్ఛలు రావచ్చు. కనుక అతనిని వైద్యుని వద్దకు తోడుండి తీసుకువెళ్లండి.