దేవుడి మాన్యం కేసులు నేర్పినవి

నా వకీలు వృత్తిలో ఎక్కువ భాగం గుడి భూముల వ్యాజ్యాల్లోనే గడిచింది. ఊళ్లలో కొత్తగా ధర్మకర్తల మండళ్లలోకి వస్తున్న కుర్రవాళ్లు సలహా అడుగుతుంటారు. వాళ్లకు చెప్పే మాటలే ఇవి.

1. భూమి దేవుడిది. అర్చకుడిదీ కాదు, ధర్మకర్తదీ కాదు, దేవాదాయ శాఖదీ కాదు. 2021లో మధ్యప్రదేశ్ పూజారుల కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతే తేల్చింది. రెవెన్యూ రికార్డులో యజమాని గడిలో దేవుడి పేరే ఉండాలి, పూజారి ఆ ఆస్తిని చూసుకునేవాడు మాత్రమే. మన పాత అడంగళ్లలో "శ్రీ స్వామివారు, అర్చకులు ఫలానా" అని ఉండేది. తిరగరాసేటప్పుడు స్వామివారు జారిపోయి ఫలానా మిగిలారు. రికార్డు కంప్యూటర్‌కి ఎక్కేనాటికి ఫలానా గారి కొడుకులు పట్టాదారులయ్యారు. చాలాచోట్ల ఇందులో ఎవరి కుట్రా లేదు. అడిగే నాథుడు లేక అలా జరిగిపోయింది.

2. ఐఎఫ్ఆర్ నకలు లేకుండా కోర్టు మెట్లెక్కకండి. ఇనాం కమిషన్ 1860ల్లో ఊరూరా విచారించి రాసిన ఇనాం ఫెయిర్ రిజిస్టరు అది. గుడిని అందులో "పగోడా" అని రాస్తారు, కంగారు పడొద్దు. చూడాల్సినవి మూడు గడులు: ఇనాం ఎందుకిచ్చారు, ఎవరికిచ్చారు, ఎంతకాలానికిచ్చారు. నైవేద్య దీపారాధనలకని ఉంటే గుడికి బలం. అర్చకత్వానికో మేళానికో, సేవ చేసినంతకాలం అనుభవించమని ఉంటే వాదన వేరు. షరతేమీ లేకుండా వ్యక్తికే ఇచ్చారని ఉంటే గుడి కేసు నిలవదు, నిలవకూడదు కూడా. ఆ తర్వాత రీ-సెటిల్‌మెంట్ రిజిస్టరు (ఆర్ఎస్ఆర్), 1956 ఇనాం రద్దు చట్టం కింద తహసీల్దారు ఇచ్చిన ఉత్తర్వు, 1966 దేవాదాయ చట్టం నాటి 38వ సెక్షన్ రిజిస్టరు, 1987 దేవాదాయ చట్టం కింది 43వ సెక్షన్ రిజిస్టరు వరసగా పెట్టుకోండి. పాత నంబరుకీ నేటి సర్వే నంబరుకీ పొంతన చూపలేక ఓడిన కేసులు నేనెరుగుదును. న్యాయం గుడి పక్షానే ఉన్నా కాగితం లేకపోయింది.

3. అర్చకుణ్ణి శత్రువుని చేసుకోకండి. 1987 చట్టం అర్చకత్వంలో వంశపారంపర్య హక్కు తీసేసింది, 1996లో సుప్రీంకోర్టు దాన్ని సమర్థించింది. భూమి గుడి పేరన ఉండాల్సిందే. కానీ మాన్యం వెనక్కి తీసుకుని జీతం నెలల తరబడి ఆపితే ఆ గుడిలో దీపం పెట్టేదెవరు?

4. కౌలు బకాయి పెరగనివ్వొద్దు. మాగాణి రెండున్నర ఎకరాలు, మెట్ట అయిదెకరాలు దాటని పేద కౌలుదారుకి చట్టంలో రక్షణ ఉంది, అది దక్కాలి. అతని పేరు చెప్పుకుని పాతికెకరాలు దున్నే పెద్దమనిషితోనే అసలు తగువు. వేలం పాట పాడి, మొదటి ఏడు శిస్తు కట్టి, తర్వాత స్టే తెచ్చుకుని ఏళ్లకేళ్లు పంట తింటాడు. బకాయి నోటీసు ఏ ఏటికా ఏడు ఇచ్చి, రసీదు ఫైల్లో ఉంచండి. ఆ భూమి గుడిదా కాదా అనే వివాదం వస్తే మామూలు సివిల్ కోర్టు కాదు, దేవాదాయ ట్రిబ్యునల్‌కి వెళ్లాలి. తప్పు గుమ్మం తొక్కితే కాలమంతా వృథా.

5. రిజిస్ట్రేషన్ చట్టం 22-ఎ కింది నిషేధిత జాబితా రెండువైపులా పదునున్న కత్తి. అందులో ఎక్కిన భూమికి రిజిస్ట్రేషన్ జరగదు గనక గుడికి కాపలా. కానీ గుడికి ఎకరం ఉంటే సర్వే నంబరు మొత్తం ఎక్కించేస్తారు. పక్కన మూడెకరాల రైతు కూతురి పెళ్లికి సెంటు అమ్ముకోలేడు. సబ్ డివిజన్ చేయించి అతని భూమి వదిలేయడం గుడి బాధ్యత.

6. అమ్మకం మాట వస్తే బహిరంగ వేలం, అదీ ఊరందరికీ తెలిసేలా. అమరావతి సదావర్తి సత్రానికి చెన్నై దగ్గరున్న 83 ఎకరాలు 2016లో సుమారు రూ.22 కోట్లకు పోయాయి. వ్యవహారం హైకోర్టుకెళ్లాక 2017లో మళ్లీ వేలం పెడితే పాట రూ.60 కోట్లు దాటింది. దాని మీద తమిళనాడు ప్రభుత్వం భూమి తనదంది. ధర సంగతి అటుంచి, హద్దూ హక్కూ తేలకుండానే వేలం పెట్టారన్నమాట.

7. దేవుడికి పన్నెందుకని అడగొద్దు. విగ్రహమూర్తి ఆదాయానికి పన్ను వేయవచ్చని సుప్రీంకోర్టు 1969లోనే చెప్పింది. పొలం మీద కౌలుకి ఆదాయపు పన్ను లేదు. దుకాణాల అద్దెకి మినహాయింపు కావాలంటే సంస్థ నమోదై ఉండాలి, ఏటా రిటర్ను వేయాలి. గర్భగుడికి ఆస్తి పన్ను ఉండదు, రోడ్డు వైపు కట్టిన షాపులకు ఉంటుంది. నమోదైన గుడి ఆవరణలో నెలకు రూ.10,000 లోపు అద్దె షాపుకి, రోజుకు రూ.10,000 లోపు కల్యాణమండపానికి జీఎస్టీ మినహాయింపు ఉంది. నోటీసు వచ్చాక పరుగెత్తేకన్నా ఈ లెక్కలు ఆడిటరుకి ముందే అప్పగించండి.

8. ఆక్రమణ చిన్నగా ఉన్నప్పుడే కదలండి. భద్రాద్రి రాముడి గుడి తెలంగాణలో ఉంది. ఆయన 880 ఎకరాలకు పైగా భూమి పురుషోత్తపట్నంలో, అంటే 2014 తర్వాత ఆంధ్రప్రదేశ్‌లో. అక్కడ ఆక్రమణలు అడ్డుకోబోయిన గుడి సిబ్బందికి రెండో రాష్ట్రం పోలీసులు, రెవెన్యూ వాళ్లు తోడు రావాలి. సింహాచలం గుడి భూములున్న పంచగ్రామాల్లోనైతే వేల ఇళ్లు లేచాయి. ఇప్పుడు తీర్పు ఎటు వచ్చినా కన్నీళ్లు తప్పని స్థితి. మీ ఊళ్లో ఇంకా పాకలే ఉన్నాయంటే ఈ వేసవిలోనే సర్వేయర్ని పిలిచి, పక్క రైతుల ఎదుట హద్దురాళ్లు పాతించి, పంచనామా మీద వాళ్ల సంతకాలు తీసుకోండి.